నేసేది కాలాన్ని కాదు, ఆయుష్షును

“ఈ చీరలో కాలాన్నే నేశారండీ!”

గత మాఘమాసంలో మదనపల్లె నీరుగట్టువారిపల్లెలో ఒక నేతగాని ఇంటి వసారాలో కూర్చుండగా ఈ మాట నా చెవిన బడినది. అన్నవారు నా బంధువే. విద్యావంతులు, ఉపనిషత్పాఠాలకు క్రమం తప్పక వెళ్ళేవారు. కుమార్తె వివాహానికి పట్టుచీర కొనవచ్చినారు. జరీ అంచును వెలుగుకు పట్టి చూసి పరవశించినారు. ఇది చేతిపని కాదు, మంత్రవిద్య అన్నారు. భూతభవిష్యద్వర్తమానాలు ఈ పోగులలో ఒదిగియున్నవి అన్నారు. అర్ధగంట గడవకముందే ఆ మంత్రవిద్యకు ఐదువందల రూపాయలు తగ్గించమని బేరమాడినారు. తగ్గించుకొన్నారు కూడా.

వృద్ధుడైన ఆ నేతగాడు చీరను మడతపెట్టుతూ నా వైపు తిరిగి ఒక్క మాటన్నాడు: “కాలం ఎవురికైనా ఒకటే గదా సామీ. కండ్లు మాత్రం నావి.”

ఈ వ్యాసం ఆ వాక్యానికి వ్యాఖ్యానం.

చేనేతను గూర్చి నేడు వినవచ్చే స్తోత్రాలలో ‘కాలాన్ని నేయడం’ అనే మాట ప్రధానమైనది. ప్రదర్శనశాలలలో, వివాహాహ్వానాలలో, చివరికి ప్రవచనాలలో సైతం ఇది వినబడుచున్నది. వినుటకు ఇంపుగా నుండును. వేదమూలం కూడా ఉన్నట్లు తోచును. అయినను ఇది అసత్యమని, అసత్యమే గాక అధర్మానికి ముసుగు అని నా ప్రతిజ్ఞ. వస్త్రంలో నేయబడేది కాలం కాదు, ఒక మనిషి ఆయుష్షు. కాలానికి యజమాని లేడు, ఆయుష్షుకు ఉన్నాడు. ‘కాలం’ అన్నంతనే వస్తువు అనాథ అగును. అనాథ వస్తువుకు వెల కట్టనక్కరలేదు. ‘ఆయుష్షు’ అన్నంతనే ఋణం పుట్టును. ఋణం పుట్టకూడదనే మనం కాలాన్ని పొగడుచున్నాము.

మొదట కాలస్వరూపాన్ని విచారింతము. వైశేషిక దర్శనం కాలాన్ని నవద్రవ్యాలలో ఒకటిగా అంగీకరించినది. అది ఏకం, విభువు, నిత్యం. క్షణం, ముహూర్తం, దినం, మాసం అనునవి ఉపాధిభేదం వలన కలిగే వ్యవహారమే గాని కాలానికి నిజమైన ముక్కలు కావు. ముక్కలు లేని దానిని పోగులుగా తీయుట ఎట్లు? పోగులు లేని దానిని నేయుట ఎట్లు? పైగా న్యాయవైశేషికుల మతంలో కాలం సకలకార్యాలకు సాధారణ కారణం. చీర పుట్టుటకు ఎంత కారణమో, ఆ చీరను కొరికే చిమ్మట పుట్టుటకు కూడా అంతే కారణం. ఒక్క చీరకు ప్రత్యేకంగా కాలాన్ని ఆపాదించుట శాస్త్రదృష్టితో నిలువదు.

మరి వస్త్రానికి అసాధారణ కారణాలు ఏవి? తర్కశాస్త్రం చదువుకొను బాలురకు మొదటి పాఠంలోనే ఈ ఉదాహరణ చెప్పుదురు. తంతువులు సమవాయికారణం, తంతుసంయోగం అసమవాయికారణం, మగ్గము నాడె మొదలైనవీ నేతగాడూ నిమిత్తకారణం. నేతగాని యందు పని చేయునది ఏది? ప్రయత్నం. అది కాలగుణం కాదు, ఆత్మగుణం. ఈ ప్రయత్నాన్ని శాస్త్రం ప్రవృత్తి, నివృత్తి, జీవనయోని అని మూడు విధాలుగా చెప్పినది. జీవనయోని యత్నం అనగా మనం తలంచకయే శ్వాసను నడిపించునది, ప్రాణాన్ని నిలుపునది. గమనింపుడు: నాడెను విసరు ప్రయత్నమూ, ఊపిరిని ఆడించు ప్రయత్నమూ ఒకే గుణానికి చెందిన భేదాలు. కనుక పోగు వెంట పోగుగా వస్త్రంలోకి చేరునది శ్వాసకు సజాతీయమైన పదార్థం. దానినే లోకం ఆయుష్షు అనుచున్నది. ముసలి నేతగాడు ‘కండ్లు నావి’ అన్నప్పుడు తర్కపండితుని కన్న నిర్దుష్టంగా పలికినాడు.

ఇక్కడ నా బంధువు వంటివారు శ్రుతిని ముందుకు తెచ్చెదరు. నిజమే, మన వాఙ్మయంలో కాలాన్ని నేతగా దర్శించిన స్థలాలు గలవు. అథర్వవేద స్కంభసూక్తంలో భిన్నవర్ణలైన ఇద్దరు యువతులు ఆరు మేకుల నడుమ వస్త్రాన్ని నేయుచుందురు. ఒకతె పోగు చాచును, మరొకతె దానిని కుదుర్చును. పోగు తెగదు, పని ముగియదు. భారతం ఆదిపర్వంలో ఉదంకుడు తక్షకుడు అపహరించిన కుండలాలకై నాగలోకం చేరి, తెల్లని నల్లని దారాలతో నేయుచున్న ఇద్దరు స్త్రీలను చూచును. వారు ధాత, విధాత అనియు, ఆ దారాలు అహోరాత్రాలనియు గురువు వలన తరువాత తెలిసికొనును. బృహదారణ్యకంలో గార్గి యాజ్ఞవల్క్యుని ఎదుట నిలిచి, భూతభవిష్యద్వర్తమానాలని చెప్పబడునదంతయు దేనియందు పడుగుపేకలుగా అల్లబడినదని నిలదీయును. ఆకాశమని సమాధానం. ఆ ఆకాశం దేనియందు? అక్షరమునందు. నిమేషాలు, ముహూర్తాలు, మాసాలు, ఋతువులు, సంవత్సరాలు ఆ అక్షరశాసనంలోనే వేరువేరుగా నిలుపబడియున్నవని యాజ్ఞవల్క్యుడు వివరించును. మగ్గం ముందు కూర్చున్నవానికి ఆ ‘వేరువేరుగా నిలుపుట’ ఏమిటో చప్పున బోధపడును. పడుగులోని వేల పోగులు ఒకదానితో ఒకటి చిక్కుపడక నిలిచినప్పుడే కదా పేక సాగేది!

అయితే ఈ మూడు స్థలాలలోనూ ఉపమానం ఏ దిశగా నడచుచున్నదో చూడవలెను. ఎరిగినదానితో ఎరుగనిదానిని తెలుపుట ఉపమానలక్షణం. ఋషికి మగ్గం తెలియును, కాలం దురూహ్యం. కనుక మగ్గాన్ని చూపి కాలాన్ని బోధించినాడు. మనం దానిని తలక్రిందులు చేసితిమి. మనకు మగ్గం తెలియదు కనుక కాలాన్ని చూపి మగ్గాన్ని పొగడుచున్నాము. గార్గి ప్రశ్నలో నేతపని ఇంటింటా ఎరిగిన ప్రత్యక్షవిషయం. మన ప్రశంసలో అది ఇంద్రజాలం. ప్రత్యక్షాన్ని ఇంద్రజాలం చేయుట గౌరవం కాదు, అజ్ఞానం. ఇంద్రజాలికుని ఎవరూ ‘నీ నడుము నొప్పి ఎట్లున్నది?’ అని అడుగరు గదా!

కావున ఆ ప్రత్యక్షాన్నే ఒక్కమారు చూతము. కుప్పం, పుంగనూరు, మదనపల్లెలను 42వ నంబరు జాతీయ రహదారి ఒకే సూత్రాన గుచ్చుచున్నది. ఆ దారి వెంట పట్టుచీర కూడా పుట్టుచున్నది. మూడు రాష్ట్రాల సంధిలోనున్న కుప్పం ప్రాంతపు చేలలో మల్బరీ పెరుగును. గుడ్డు నుండి వెలువడిన పురుగు రమారమి నాలుగు వారాలు ఆకు మేయును. నడుమ నాలుగుసార్లు మేత మాని, కదలక, కుబుసం విడుచును. దీనిని రైతులు జ్వరం అందురు. ఆ దినాలలో పట్టుపురుగుల ఇంట నిద్ర యుండదు. తడి ఆకు వేసినా, ఎండ వేడి హెచ్చినా, ఒక్క రోగం సోకినా పంట మొత్తం చేయిజారును. చివరి దశ దాటిన పురుగును చంద్రికల మీదకు చేర్చగా రెండు మూడు దినాలు తల ఆడిస్తూ, వందలాది మీటర్ల నిడివిగల ఏకసూత్రాన్ని తన చుట్టూ తానే అల్లుకొనును. ఆ గూళ్ళను వేడినీట నుంచి కొసలు పట్టి, అనేక గూళ్ళ పోగులను కలిపి ఒక్క దారంగా తీయుదురు. పురి ఎక్కించి, రంగు అద్ది, పడుగు సిద్ధపరచినాకనే అది మదనపల్లె మగ్గం ఎక్కును.

అక్కడ గుంటలో కాళ్ళు దించి కూర్చున్న మనిషి చేయు పనిని ఒక చిన్న లెక్కతో చూడవచ్చును. చీర నిడివి ఐదున్నర మీటర్లు, అంగుళానికి అరువది పేకపోగులు అనుకొందము. అప్పుడు ఒక్క చీరకు నాడె సుమారు 13,000 మార్లు అటునిటు పోవలెను. ప్రతి మారూ కాలు తొక్కవలెను, చేయి లాగవలెను, అచ్చు కొట్టవలెను, కన్ను తెగిన పోగును కనిపెట్టవలెను. జరీబుటా, కొంగు, జోడంచు ఉన్నచో ఈ పని ఎన్నో రెట్లు పెరుగును. ఇంటిలో కండెలు చుట్టు ఇల్లాలి చేయి, తెగిన పోగులను అతుకు వృద్ధమాత చేయి ఈ లెక్కలోనికి రావు. నాలుగవ అఖిల భారత చేనేత గణన 2019-20 నాటిది. దాని ప్రకారం దేశంలో చేనేత, అనుబంధ కార్మికులు 35 లక్షలకు పైగా ఉన్నారు. వారిలో నూటికి డెబ్బదికి పైగా స్త్రీలే. అథర్వఋషి మగ్గం ముందు ఇద్దరు యువతులను దర్శించుట కేవలం కవికల్పన కాదని ఈ సంఖ్య చెప్పుచున్నది. అదే గణనలో నేత కుటుంబాలలో మూడింట రెండు వంతులు నెలకు 5,000 రూపాయలకు లోపు ఆదాయంతో జీవించుచున్నట్లు తేలినది. కాలాన్నే నేయువారికి మనం ఇచ్చుచున్న దక్షిణ అది.

ఇక పూర్వపక్షాలను పరిశీలింతము.

మొదటి పూర్వపక్షం మాయావాదాన్ని అడ్డుపెట్టుకొనునది. ‘కాలమూ మిథ్య, వస్త్రమూ మిథ్య, నేతగాని కష్టమూ మిథ్య. దానికై విచారమేల?’ అని. ఇది అద్వైతం కాదు, అద్వైతం పేరిట సోమరితనం. బ్రహ్మసూత్రాలలో పటదృష్టాంతం చెప్పు సూత్రానికి భాష్యం రచించుచు శంకరభగవత్పాదులు ఏమన్నారు? తంతురూపంలో అస్పష్టంగా ఉన్న వస్త్రం నాడె, మగ్గం, సాలెవాడు మొదలైన కారకాల వ్యాపారం చేతనే అభివ్యక్తమై స్పష్టంగా గ్రహింపబడునని. కార్యకారణాల అనన్యత్వాన్ని స్థాపించు ఆ చోటనే వారు సాలెవానిని మరువలేదు. పరమార్థంలో తంతువు కన్న పటం వేరు కాకపోవచ్చు, వ్యవహారంలో సాలెవాడు లేక పటం లేదు. చీర కట్టుకొనుట వ్యవహారం, ధర వ్యవహారం, బేరం వ్యవహారం. వీటన్నిటిలో సత్యంగా నున్న జగత్తు కూలి ఇచ్చు క్షణానికి మాత్రం మిథ్య అగునా?

మదనపల్లెలోనే 1895లో జన్మించిన జిడ్డు కృష్ణమూర్తి గారు జీవితాంతం కాలాన్నే ప్రశ్నించినారు. 1980లో భౌతికశాస్త్రవేత్త డేవిడ్ బోమ్‌తో వారు జరిపిన సంభాషణలకు కాలపు అంతమే కేంద్రవిషయం. అయినను వారు త్రోసిపుచ్చినది మనస్సు కల్పించుకొను కాలాన్ని, ‘నేను ముందుముందు ఏదో అగుదును’ అను మానసిక కాలాన్ని. గడియారపు కాలాన్ని, విద్య నేర్చుటకు పట్టు కాలాన్ని, పని చేయుటకు పట్టు కాలాన్ని వారు కాదనలేదు. కాలనిరసనలో అంత దూరం నడచిన తత్త్వవేత్త సైతం పనివాని దినాన్ని మిథ్య అనలేదు.

రెండవ పూర్వపక్షం విపణివీథి నుండి వచ్చునది. ‘మరమగ్గం ఒక్క దినంలో చేయు పనికి చేతిమగ్గానికి వారాలు పట్టును. ఈ కాలహరణం ఎందుకు?’ అని. ఈ ప్రశ్నలో కొంత న్యాయం లేకపోలేదు. పేదవానికి చౌకవస్త్రం కావలెను. దానిని మరమగ్గం ఇచ్చుచున్నది. దాని మీద పని చేయువాడును శ్రమజీవియే. మరమగ్గం పాపం కాదు. మరమగ్గపు వస్త్రాన్ని చేనేత అని విక్రయించుట పాపం. చీర మొదలైన వస్త్రాలను నిర్దిష్ట లక్షణాలతో చేనేతకే ప్రత్యేకించుచు 1985లో పార్లమెంటు చట్టం చేసినది. నేడు ఆ జాబితాలో 11 రకాలు గలవు. కొనువాడు మోసపోకుండ 2006లో చేనేత ముద్ర కూడా వచ్చినది. అయినను చేతిమగ్గపు రూపకల్పన బయటకు వచ్చినంతనే దానికి మరమగ్గపు నకలు పుట్టుచున్నది. కాలహరణం అని నిందించు విపణియే, ఆ కాలహరణం వలన వచ్చిన ప్రతిష్ఠను దొంగిలించి అమ్ముకొనుచున్నది. హరించునది ఎవరు?

పరిమాణమే ప్రమాణం చేసికొన్నచో ఏమగునో ఇదే దారిలోని పుంగనూరు మనకు నేర్పినది. పుంగనూరు ఆవు పొట్టిది, తక్కువ మేతతో బ్రతుకునది, చిక్కని పాలనిచ్చునది. లీటర్ల లెక్క వచ్చినంతనే అది పనికిరానిదైనది. అధికోత్పత్తి జాతులతో సంకరమై అంతరించు స్థితికి చేరగా, పలమనేరు పశుపరిశోధనా స్థానంలో దానిని రక్షింపవలసి వచ్చినది. ఇప్పుడో, అది సంపన్నుల వాకిట అలంకారం. రైతు ఇంట నుండి వెడలగొట్టి ధనికుని ఇంట పటం కట్టుకొంటిమి. చేనేతకు కూడా మనం అదే గతి పట్టించుచున్నాము. నిత్యవస్త్రంగా చంపి, మంత్రవస్త్రంగా పూజించుచున్నాము. ‘కాలాన్ని నేసిన చీర’ అను ప్రశంస ఆ పటానికి వేసిన దండ.

మూడవ పూర్వపక్షం అన్నిటి కన్న ప్రమాదకరం. ‘నేత వారి కులధర్మం. ఫలాపేక్ష లేక చేయుటయే వారికి శ్రేయస్సు’ అని. నిష్కామకర్మ బోధ చేయువాడు తన కామాన్ని త్యజించి చేయవలెను గాని ఎదుటివాని కూలిని త్యజింపజేసి కాదు. ఫలత్యాగం కర్త చేయవలసినది, కొనుగోలుదారు చేయించునది కాదు. ఇతరుని ఫలాన్ని మనం త్యజించుటకు శాస్త్రంలో వేరే పేరు ఉన్నది: స్తేయం. పద్మశాలీల సంప్రదాయం తమ మూలపురుషుడు భావనఋషిని మార్కండేయుని సంతతిగా చెప్పును. ఆ మార్కండేయుడు ఎవరు? అల్పాయుష్షుతో జన్మించి, లింగాన్ని కౌగిలించుకొని కాలపాశాన్ని ధిక్కరించినవాడు. విధి వ్రాసిన ఆయుష్షుకు తలవంచని వంశమని తమను తాము చెప్పుకొనువారికి ‘ఇది మీ విధి’ అని ఉపదేశించుటకు మనకెంత సాహసం!

ఆయుష్షు అను మాటను పట్టుకొన్నాక ఒక విషయాన్ని దాచుట నాకు తగదు. పట్టులో నేతగాని ఆయుష్షు మాత్రమే లేదు, పురుగు ఆయుష్షు కూడా ఉన్నది. చిలుక గూడు చీల్చుకొని వెలువడినచో సూత్రం తెగును, కనుక ముందుగానే దానిని వేడికి చంపుదురు. ఒక్క చీరకు వేలాది గూళ్ళు పట్టును. మడి అని మనం కట్టుకొను వస్త్రానికి ఈ చరిత్ర గలదు. చిలుక వెలువడిన పిమ్మటనే గూటి నుండి దారం తీయు అహింసాపట్టును కుసుమ రాజయ్య గారు మన తెలుగునేల మీదనే రూపొందించినారు. పత్తి కూడా మనకున్నది. భావనఋషి తామరతూటి దారాలతో నేసినాడను గాథలో పెద్దల అంతరంగం ఏమిటో విజ్ఞులు ఆలోచింపవలెను. పట్టు మానవలెనా అను ప్రశ్నకు ఎవరి అంతరాత్మ వారికి సమాధానం చెప్పును. అయితే పట్టు కట్టదలచినవాడు రెండు ఆయుష్షుల ఋణాన్ని మోయుచున్నాడని ఎరిగి కట్టవలెను. పురుగుకు తీర్చలేని ఋణాన్ని చూపి మనిషికి తీర్చవలసిన ఋణాన్ని ఎగగొట్టరాదు.

కావున ఈ విచారం వలన ఏర్పడు కర్తవ్యం మిక్కిలి సులభం. చీర కొనునప్పుడు ‘ఇది ఎన్ని దినాల పని?’ అని అడుగుడు. వచ్చిన ధరలో నూలు, జరీ, దుకాణపు లాభం తీసివేసి, మిగిలినదానిని ఆ దినాలతో భాగించి చూడుడు. తేలిన దినకూలికి మీ బిడ్డను ఆ గుంటలో కూర్చుండబెట్టగలరా? కూర్చుండబెట్టలేనిచో ఆ చీర మీద బేరమాడకుడు. చేనేత ముద్ర ఉన్నదేమో చూడుడు. నేసినవారి పేరు అడుగుడు. చెప్పలేని దుకాణాన్ని మరల మరల అడుగుడు. ఏటేటా ఆగస్టు 7న జాతీయ చేనేత దినోత్సవం జరుపుకొనుచున్నాము. ఆ ఒక్క దినం కవితలకు సెలవిచ్చి, నేతగానికి రావలసిన బాకీ తీర్చినచో అంతకు మించిన ఉత్సవం లేదు.

కాలాన్ని నేయు పని ఒకటి ఉన్నది. అది ధాతది, విధాతది, గార్గి ప్రశ్నించిన ఆ అక్షరానిది. దానికి మనం వెల కట్టలేము. కట్టమని వారు అడుగలేదు. నీరుగట్టువారిపల్లెలోని మనిషి మాత్రం కాలాన్ని నేయుట లేదు. తన చూపును, తన నడుమును, తన ఊపిరిని పోగుపోగుగా విడదీసి మన బిడ్డల భుజాల మీద కప్పుచున్నాడు. దానికి వెల ఉన్నది. ఆ దినం నా బంధువు తగ్గించుకొన్న ఐదువందల రూపాయలు ఆ వెలలోనివే.

మరునాడు నేనొక్కడనే మరల వెళ్ళి ఆ మొత్తాన్ని ఇవ్వబోతిని. వృద్ధుడు పుచ్చుకొనలేదు. “బేరం అయిపాయె గదా సామీ” అన్నాడు. ధర్మం ఎవరి పక్షాన నిలిచినదో, సిగ్గు ఎవరిదో పాఠకులే నిర్ణయింతురు గాక.

స్వస్తి.